మేరియన్ తెలుగు గొంతు

సోమవారం పొద్దున తొమ్మిదిన్నరకి స్టూడియో మెట్లెక్కుతున్న ఛాయాదేవి చేతులకి గాజుల్లేవు. కాళ్ళకి పట్టీల్లేవు. కట్టుకున్నది ఎన్నో ఉతుకులకి మెత్తబడిపోయిన మంగళగిరి నూలుచీర. పట్టుచీరైతే మైకు ముందు కదిలినప్పుడల్లా గరగరమంటుంది. మెళ్ళో సూత్రాలు కూడా చప్పుడు కాకుండా జాకెట్టుకి పిన్నీసుతో బిగించుకుంది. పనికి వెళ్ళేటప్పుడు అందరూ ముస్తాబవుతారు. ఇరవై రెండేళ్ళుగా ఈవిడ ముస్తాబంటే మాత్రం ఉన్నవి ఒక్కొక్కటే తీసేయడం.

ఆ రోజు మెట్లు రెండేసి చొప్పున ఎక్కాలనిపించింది. యాభై నాలుగేళ్ళ మోకాళ్ళు ఒప్పుకోలేదు గానీ మనసు అప్పటికే పైకెళ్ళి కూచుంది. మేరియన్ వేల్‌కి మళ్ళీ పనొచ్చింది. అదీ చిన్నాచితకా వేషం కాదు. ఎనిమిది ఎపిసోడ్ల సిరీసు, ఎనిమిదింటిలోనూ ఆవిడే నాయిక.

మేరియన్ ఉండేది అమెరికాలో. ఛాయాదేవి ఉండేది విజయవాడ సత్యనారాయణపురంలో. ఒకరికొకరు ఎన్నడూ ఎదురుపడలేదు. అయినా మేరియన్ అబద్ధం చెప్పే ముందు కళ్ళు ఎటు తిప్పుతుందో, కోపమొస్తే ఏ మాట మింగేస్తుందో ఛాయాదేవికి తెలుసు. పోలీసాఫీసరు డోరిస్‌గా మేరియన్ టీవీలో పదమూడేళ్ళు దొంగల్ని పట్టుకుంటే, ఆ దొంగల్ని తెలుగులో గద్దించింది ఈవిడే. ఆ తర్వాత మేరియన్‌కి తల్లి వేషాలొచ్చాయి. ముందు పది సీన్ల తల్లి, తర్వాత మూడు సీన్ల తల్లి. కిందటేడు ఒక సినిమాలోనైతే పేర్లు పడకముందే ఆస్పత్రి మంచం మీద పోయింది. దానికి ఛాయాదేవి చెప్పిన డైలాగు ఒకే ఒక్కటి. ఆ రోజు ఇంటికెళ్ళి, సొంత మనిషికి ఏదో అన్యాయం జరిగినట్టు, సాయంత్రం దాకా ఎవరితోనూ సరిగా మాట్లాడలేదు.

అందుకే ఇవాళ ఈ సంబరం.

తలుపు తీసేసరికి గాజు అద్దం వెనక రికార్డింగు బూతులో మైకు ముందు ఇంకెవరో ఉన్నారు. పాతికేళ్ళ అమ్మాయి. హెడ్‌ఫోన్లు పెట్టుకుని కాగితాలు తిప్పుతోంది. బయట సౌండు మిక్సరు దగ్గర కూచున్న కిరీటి ఛాయాదేవిని చూసి లేచి నించున్నాడు. ఆ స్టూడియో అతనిదే, మైకులు సర్దేదీ రికార్డు చేసేదీ కూడా అతనే. చేతిలో ఉన్న వైరుని మోచేతికి చుట్టడం మొదలుపెట్టాడు. చుట్టడం అయిపోయాక విప్పి మళ్ళీ చుట్టాడు.

"ఏమైంది కిరీటీ?"

"పవన్‌కుమార్ గారు మీతో మాట్లాడతారంటమ్మా," అని ఫోన్ చేతిలో పెట్టాడు.

పవన్‌కుమార్ హైదరాబాదులో కూచుని తెలుగు డబ్బింగంతా చూసుకునే డైరెక్టరు. "మేడమ్, మీకు ముందే ఫోన్ చేద్దామనుకున్నానండీ, అస్సలు కుదర్లేదు. ముంబై క్లయింటు నుంచి మెయిల్ వచ్చింది. మేరియన్‌కి ఈసారి ఫ్రెష్ వాయిస్ కావాలంట."

"ఫ్రెష్ అంటే?"

"అంటే... కొంచెం యంగ్‌గా."

"మేరియన్‌కి అరవై ఒకటి కదండీ?"

"అదే నేనూ వాళ్ళకి చెప్పానండీ."

గొంతుతో బతికే మనిషి దగ్గర గొంతులో అబద్ధం దాగదు. పవన్‌కుమార్ ఆ మాట ఎవరికీ చెప్పలేదని ఛాయాదేవికి తెలిసిపోయింది.

"సింధూరి అని మైలవరం అమ్మాయండీ, బాగా చేస్తుంది. బుధవారం సాయంత్రం ఒక సీను శాంపిల్ పంపాలి. మీరేమీ అనుకోనంటే ఈ మూడ్రోజులూ పక్కన కూచుని కాస్త చెబుదురూ. మేరియన్ సంగతులు మీకు తెలిసినట్టు ఎవరికి తెలుసండీ!"

ఛాయాదేవి ఫోన్ కిరీటికి ఇచ్చేసింది. తలుపు దాకా వెళ్ళింది, ఒక చెప్పులో కాలు కూడా పెట్టింది. అంతలో కిరీటి మిక్సరు పక్కనున్న తెర వెలిగింది. దాని మీద మేరియన్. మొహాన రంగు లేదు. జుట్టు ముగ్గుబుట్టలా తెల్లగా, చెవుల దాకా కత్తిరించి ఉంది.

"అమ్మదొంగా! జుట్టుకి రంగు మానేసిందే!" అంది ఛాయాదేవి పైకే.

చెప్పు వదిలేసి వచ్చి కుర్చీలో కూచుంది. ఈ తెల్లజుట్టుతో మేరియన్ ఏం చేసిందో చూడకుండా ఎలా వెళ్ళడం?

సిరీసులో మేరియన్ పాత్ర పేరు రూత్. ఒకప్పుడు నాటకాల్లో పేరున్న నటి. వేషాలు రావడం మానేశాక ఊళ్ళో ఇనపసామాన్ల కొట్లో పనికి కుదురుతుంది. శాంపిల్‌కి ఇచ్చిన సీను మూడో ఎపిసోడ్‌లోది. చాలా ఏళ్ళకి ఒక నాటకంలో వేషముందని తెలిసి రూత్ కొట్లో నట్లూ బోల్టులూ యజమానికి లెక్క అప్పజెప్పి, సెలవు పెట్టి వెళ్తుంది. డెబ్భై ఏళ్ళ ముసలమ్మ వేషం. చేసి చూపిస్తుంది. కుర్ర డైరెక్టరు చప్పట్లు కొట్టి, చాలా బాగుంది గానీ ఈ వేషానికి మీ వయసు కొంచెం ఎక్కువ, నలభై ఏళ్ళావిడకి మేకప్ వేసి చేయిద్దామనుకుంటున్నాం అంటాడు. రూత్ అతన్ని చూస్తుంది. చాలాసేపు చూస్తుంది. తర్వాత నవ్వుతుంది.

ఆ సీను అయ్యేసరికి ఛాయాదేవి రెండు చేతులూ నోటికి అడ్డం పెట్టుకుని ఉంది.

"ఎలా చేసిందో చూశావా!" అంది కిరీటితో. "ఇన్నేళ్ళూ దీన్ని ఎక్కడ దాచింది?"

సింధూరి బూతులోంచి బయటికొచ్చి నించుంది. "మేడమ్, మీ గురించి నాకు చెప్పలేదండీ. వేరే ఆర్టిస్టు మానేశారన్నారు. నిజంగా నాకు తెలీదు."

ఛాయాదేవి ఆ పిల్లని పైనుంచి కిందికి చూసింది. చేతికి అరడజను మట్టిగాజులు. "ముందు అవి తియ్యి," అంది. "పొద్దున ఏమన్నా తిన్నావా?"

"లేదండీ. టెన్షన్‌లో తినలేదు."

"ఖాళీ కడుపుతో మైకు ముందుకి ఎప్పుడూ రాకు. మన డైలాగు మధ్యలో పొట్ట దాని డైలాగు అది చెబుతుంది." సంచీలోంచి దోరజామకాయ తీసి సగం కోసి ఇచ్చింది. "ఇది తిను. నోరు జిగట లేకుండా ఉంటుంది. మాటకీ మాటకీ మధ్య చప్పుళ్ళు రావు."

పని మొదలైంది. మైకు ముందు ఒక్కో ముక్కే చెబుతూ పోవాలి. చెవిలో ఇంగ్లీషు వినపడుతుంటుంది, కళ్ళు తెర మీద పెదవుల మీద ఉండాలి, నోట్లోంచి తెలుగు రావాలి. సింధూరికి అందులో తడబాటు లేదు. పెదవి మూసినచోట మూసింది, తెరిచినచోట తెరిచింది. కానీ రూత్ నోట ఆ మాటలు పండగకి పిలవడానికొచ్చిన కొత్త కోడలి మాటల్లా తియ్యగా ఉన్నాయి.

"అంత మర్యాదొద్దమ్మా," అంది ఛాయాదేవి. "ఆవిడకి చెప్పులు కరుస్తున్నాయి, చూడు. నించున్న తీరు చూడు. బరువంతా ఎడం కాలి మీద వేసింది. నువ్వూ అలా నించుని చెప్పు."

సింధూరి బరువు ఎడం కాలి మీదికి వేసింది. మాట కొంచెం బరువెక్కింది. కిరీటి గాజు అవతల నుంచి బొటనవేలు పైకెత్తి చూపించాడు.

నవ్వు దగ్గరికొచ్చేసరికి మాత్రం బండి ఆగిపోయింది. సింధూరి నవ్వితే పదహారేళ్ళ పిల్ల నవ్వినట్టుంది. లావుగా నవ్వితే నాటకంలో రాక్షసిలా ఉంది. ఏడుపు కలిపితే ఉత్త ఏడుపైపోయింది. పంతొమ్మిదిసార్లు చేసి హెడ్‌ఫోన్లు తీసేసి, "ఆవిడ ఎందుకు నవ్వుతోందండీ అసలు? నాకు అర్థమైతే కదా!" అంది.

ఛాయాదేవి ఆ ముక్క ఇంకో రెండుసార్లు వేయించుకుని చూసింది, ఆవిడకీ అంతుపట్టలేదు.

ఇంటికెళ్ళేసరికి అత్తగారు చౌడేశ్వరమ్మ వీధి గదిలో టీవీ ముందు ఉంది. ఎనభై దాటినా చూపూ వినికిడీ బాగానే ఉన్నాయి. బ్యారేజీ గేట్లన్నీ ఎత్తేశారని, జనం కృష్ణ చూడ్డానికి తండోపతండాలుగా వెళ్తున్నారని టీవీలో చెబుతున్నారు. కోడలు రాగానే టీవీ గొంతు తగ్గించి, "ఏం చేస్తోందే ఆ పిల్ల ఇప్పుడు?" అని అడిగింది. ఆవిడకి అరవై ఒక్కేళ్ళ మేరియన్ ఇంకా పిల్లే.

"ఇనపకొట్లో పనికి కుదిరింది అత్తయ్యా."

"అయ్యో రామ! పోలీసు చేసిన పిల్ల!" చౌడేశ్వరమ్మ నిజంగానే బాధపడింది. "పోన్లే, ఖాళీగా కూచోకుండా ఏదో పని దొరికింది. నువ్వు బాగా చెప్పు. నీ మాట మీదే ఉంది దాని బతుకు."

ఛాయాదేవికి అసలు సంగతి చెప్పబుద్ధి కాలేదు. "బాగానే చెబుతాం అత్తయ్యా," అని వంటింట్లోకి వెళ్ళింది.

మంగళవారం కాగితాలు ముందేసుకుని చూస్తే అనువాదంలో ఇంకో తలనొప్పి కనపడింది. రూత్ కొట్లో మాట్లాడే మాటలన్నీ నిఘంటువులోంచి ఏరి తెచ్చినట్టున్నాయి. బోల్టు అనాల్సినచోట "మరచుట్టు మేకు" అని రాసి ఉంది.

"ఏ ఇనపకొట్లో అంటారమ్మా ఈ మాట?" అంది ఛాయాదేవి. "పద, ఆటోనగర్ వెళ్ళి వినొద్దాం. అలాంటి కొట్లో రోజంతా నించునే మనిషి ఎలా మాట్లాడుతుందో నీకూ తెలుస్తుంది."

సింధూరి స్కూటీ మీద ఇద్దరూ బయల్దేరారు. బెంజి సర్కిల్ దాటి ఆటోనగర్‌లోకి తిరిగేసరికి గాలి మారిపోయింది. వెల్డింగు వాసన, గ్రీజు వాసన, లారీ బాడీల మీద సుత్తి దెబ్బలు. నట్లూ బోల్టులూ అమ్మే ఒక కొట్టు ముందు ఆగారు. గోడ నిండా చిన్న చిన్న రేకు డబ్బాలు. కౌంటరు వెనక యాభై ఏళ్ళ యజమాని, పేరు యేసుకుమార్ అని బోర్డు మీదే ఉంది. ముందు వాళ్ళని పట్టించుకోలేదు. గుప్పెడు వాషర్లు తీసి చూడకుండానే లెక్కపెట్టి పొట్లం కట్టి ఎవరికో ఇచ్చాడు.

సింధూరి ఆ చేతుల్నే చూస్తోంది. ఛాయాదేవి ఒక బోల్టు తీసి, "దీని నట్టు బిగుసుకోవడం లేదనుకోండి, మీరేమంటారండీ?" అని అడిగింది.

"థ్రెడ్డు పోయిందంటామండీ," అన్నాడు. అని ఆగిపోయాడు. తలెత్తాడు. "ఏదండీ, మళ్ళీ ఒకసారి మాట్లాడండి."

"ఏం మాట్లాడమంటారు?"

యేసుకుమార్ రెండు చేతులూ కౌంటరు మీద ఆనించి ముందుకి వంగాడు. "డోరిస్ మేడమ్! మీరు డోరిస్ మేడమండీ! మీరు వచ్చే టైముకి మా ఆవిడ నాకు అన్నం కూడా పెట్టేది కాదు. ఒక్కసారి... ఆ మాట అనండి. కాదనకండి."

ఆ మాట ఏదో ఛాయాదేవికి తెలుసు. ఇంగ్లీషులో మేరియన్ ఏదో పొడుగ్గా అంటే తెలుగు కాగితంలో "చేతులు పైకెత్తు" అని మాత్రమే రాసుండేది. పెదవులు ఇంకా ఆడుతుంటే మాట అయిపోయేది. మిగిలిన ఖాళీని మొదటి రోజున ఈవిడే తోచినట్టు నింపింది. పదమూడేళ్ళూ అదే ఉండిపోయింది.

కొంగు సర్దుకుంది. బరువు కుడికాలి మీదికి మార్చింది. డోరిస్ అలాగే నించునేది.

"చేతులు పైకెత్తు," అంది, పెద్దగా ఏమీ కాదు. "నెమ్మదిగా. నాకేం తొందర లేదు."

పక్క షెడ్డులో సుత్తి దెబ్బలు ఆగిపోయాయి. ఎదురుగా లేతు మిషను దగ్గరున్న ఆయన గిరుక్కున తిరిగాడు. లారీ కిందనుంచి ఒకాయన పాక్కుంటూ బయటికొచ్చాడు. డోరిస్ మేడమంట, డోరిస్ మేడమంట అని మాట షెడ్డులవెంట పాకిపోయింది. ఐదు నిమిషాల్లో కొట్టు ముందు ఇరవైమంది. ఆ తాగుబోతు జడ్జీని నిలదీసింది చెప్పండి మేడమ్ అని ఒకరు, కూతుర్ని కాలేజీలో దించి వచ్చేది చెప్పండి అని ఇంకొకరు. ఛాయాదేవి చెప్పింది. ఎప్పుడో మర్చిపోయాననుకున్న మాటలు వాటంతటవే వచ్చాయి. ఒకాయన తన భార్యకి వీడియో కాల్ చేసి ఫోన్ ఎత్తి పట్టుకున్నాడు. ఎవరో నిమ్మసోడాలు తెచ్చారు.

"ఆవిడకి ఇప్పుడు కూడా మీరే కదండీ చెప్పేది?" అన్నాడు యేసుకుమార్, సోడా గ్లాసు అందిస్తూ.

సింధూరి తల దించుకుంది.

"లేదండీ," అంది ఛాయాదేవి. "ఇహనుంచి ఈ అమ్మాయి చెబుతుంది. నా గొంతు పాతబడిపోయిందంట."

ఛాయాదేవికి చెవులు జివ్వుమన్నాయి. ఇంట్లోవాళ్ళకి కూడా చెప్పుకోని మాట ఇంతమంది మగవాళ్ళ మధ్య ఎందుకు అనేశానా అనిపించింది. ఎక్కడ చూడాలో తెలీక ఎదురుగా చూసింది. లేతు మిషను ఆయన, నల్లటి గ్రీజు చేతులు రెండూ ఇంకా పైకెత్తే నించున్నాడు.

ఆవిడ చూడగానే, "మేడమ్, దించమంటారా?" అని అడిగాడు.

ఛాయాదేవి గొంతులో ముందు ఎక్కిలి లాంటిది ఒకటి కదిలింది. ఆపుకోబోయింది. ఆగలేదు. సిగ్గుగానే మొదలైంది, ముక్కులోంచి వచ్చింది, తర్వాత భుజాల్లోకి దిగింది. కళ్ళలో నీళ్ళు తిరిగాయి. చివరికి కౌంటరు పట్టుకుని, ఇక ఏమైతే అదైందన్నట్టు పగలబడి నవ్వింది. దించమన్నట్టు చెయ్యి ఊపుతూనే నవ్వింది. లేతు ఆయన చేతులు దించి తనూ నవ్వాడు. కొట్టు కొట్టంతా నవ్వింది.

సింధూరి ఒక్కతే నవ్వలేదు. సోడా గ్లాసు పట్టుకుని ఆవిడ మొహంలోకే చూస్తూ ఉండిపోయింది.

బుధవారం పొద్దున సింధూరి గాజుల్లేని చేతులతో, నూలు చుడీదార్‌తో, టిఫిన్ తిని మరీ వచ్చింది. మాటలన్నీ చక్కగా చెప్పింది. నట్టూ బోల్టూ అనేటప్పుడు ఆటోనగర్ చురుకు కూడా వచ్చింది. నవ్వు దగ్గర నాలుగు రకాలుగా ప్రయత్నించింది. నాలుగోది పర్వాలేదనిపించింది.

"బాగుందమ్మా," అంది ఛాయాదేవి. "ఇది పంపించొచ్చు."

సింధూరి హెడ్‌ఫోన్లు తీసి చేత్తో పట్టుకుంది. "మేడమ్, ఒక్కసారి మీరు లోపలికొచ్చి చేసి చూపించరా? సీను మొదట్నుంచీ. బయటనుంచి చెబితే నాకు ఎక్కడం లేదు."

"నేనెందుకమ్మా ఇప్పుడు?"

"నాకోసమండీ."

ఛాయాదేవి లోపలికెళ్ళింది. మైకు తన ఎత్తుకి దించుకుంది. అలవాటుగా ఎడం అరచెయ్యి పొట్ట మీద పెట్టుకుంది. చెవిలో మేరియన్ ఊపిరి వినపడింది. అది వినగానే ఈ మూడ్రోజుల సంగతీ మర్చిపోయింది. ఇద్దరూ కలిసి ఆ నాటకశాలలోకి నడిచారు. కలిసి ముసలమ్మ వేషం చేసి చూపించారు. ఆ కుర్రవాడు చప్పట్లు కొట్టి ఆ మాట అన్నాడు. మేరియన్ చూసింది. చూస్తూనే ఉంది. ఆ కాసేపూ ఛాయాదేవి ఏం చెయ్యాలో ఆలోచించలేదు. మేరియన్ మెడ దగ్గర నరం కదలగానే ఈవిడ గొంతులోనూ కదిలింది. ఇద్దరూ ఒకేసారి నవ్వారు.

సీను ఆగింది. గాజు అవతల కిరీటి కళ్ళజోడు తీసి చొక్కా అంచుతో తుడుచుకుంటున్నాడు. సింధూరి అతని కుర్చీ వెనక నించుంది.

"అర్థమైందా?" అంది ఛాయాదేవి బయటికొచ్చి.

"అయిందండీ," అంది సింధూరి.

సంచీ తీసుకుని వెళ్ళబోతూ ఛాయాదేవి ఒకసారి తెర కేసి చూసింది. మేరియన్ నవ్వు మధ్యలో, నోరు సగం తెరుచుకుని ఆగిపోయి ఉంది. ఆ మొహానికి ఎవరూ చూడకుండా చిన్నగా తలూపి మెట్లు దిగింది.

శుక్రవారం పదకొండింటికి గోరుచిక్కుళ్ళ ఈనెలు తీస్తుంటే ఫోన్ మోగింది.

"మేడమ్, అర్జంటుగా స్టూడియోకి రాగలరా?" పవన్‌కుమార్ గొంతు ఉత్సాహంగా ఉంది, కంగారుగానూ ఉంది.

వెళ్ళేసరికి సింధూరీ కిరీటీ తప్పు చేసిన బడిపిల్లల్లా పక్కపక్కన నించుని ఉన్నారు. పవన్‌కుమార్ ఫోన్ స్పీకర్లో ఉన్నాడు.

"వీళ్ళిద్దరూ ఏం చేశారో తెలుసాండీ? బుధవారం శాంపిల్ రెండు ఫైళ్ళు పంపారు. ఒకటో నంబరు, రెండో నంబరు అని. పేర్లు లేవు. నేను రెండూ సింధూరివే అనుకుని ముంబైకి పంపేశాను."

"మీరు వినలేదా?" అంది ఛాయాదేవి.

"పనుల్లో ఉండి..." అని నీళ్ళు నమిలాడు. "సరే, ఆ జ్యోతిర్మయి గారు, క్లయింటు తరఫున చూసేది ఆవిడే, ఇప్పుడే ఫోన్ చేశారు. రెండో నంబరు అద్భుతం అన్నారు. మేం అడిగిన ఫ్రెష్ వాయిస్ ఇదే కదా, ఇన్నాళ్ళూ ఈ అమ్మాయిని ఎక్కడ దాచారు అన్నారు. ఒకటో నంబరు పర్వాలేదు గానీ కొంచెం పాతకాలం పద్ధతిలా ఉందన్నారు."

సింధూరి ఫక్కున నవ్వింది. "నేనేనండీ పాతకాలం! పాతికేళ్ళకే!"

"రెండోది ఎవరిది?" అంది ఛాయాదేవి, తెలిసి కూడా.

"మీదేనమ్మా," అన్నాడు కిరీటి. "మీరు చూపిస్తుంటే ఎర్రలైటు వేసి రికార్డు చేసేశాను. తిట్టాలంటే నన్ను తిట్టండి."

"నేనే వెయ్యమన్నాను," అంది సింధూరి. "ఆటోనగర్‌లో మీ నవ్వు విన్నాక ఆ సీను నేను చెయ్యడం నాకే నచ్చలేదండీ. మీ వయసొచ్చాక చేస్తాను."

ఛాయాదేవి కుర్చీలో కూచుంది. చేతికి గోరుచిక్కుడు వాసన ఇంకా పోలేదు.

"ఇప్పుడు నా ప్లాన్ వినండి మేడమ్," అన్నాడు పవన్‌కుమార్. "వాళ్ళు కొత్తమ్మాయి అనుకుంటున్నారు కదా, అలాగే అనుకోనిద్దాం. కాగితాల్లో సింధూరి పేరుంటుంది, చెప్పేది మీరు. మీ పని మీకుంటుంది, ఎవరికీ ఇబ్బంది లేదు. మూడింటికి ఆవిడ వీడియో కాల్‌లోకి వస్తారు. మీరు పక్కనే కూచోండి, అమ్మాయి మాట్లాడుతుంది."

సింధూరి ఛాయాదేవి మొహం చూసింది. పని తిరిగొచ్చింది. ఊఁ అంటే చాలు, రేపట్నుంచి మేరియన్ తనదే. ఇన్నేళ్ళూ పేరెక్కడ పడింది గనక ఇప్పుడు పడకపోతే నష్టం? అలా సర్దుకోవచ్చు. చాలాసార్లు సర్దుకుంది కూడా. కానీ నలభై ఏళ్ళ మొహానికి ముడతలు గీసి ముసలమ్మని చేస్తామన్న ఆ కుర్ర డైరెక్టరు గుర్తొచ్చాడు. ఇక్కడ తన గొంతుకి పాతికేళ్ళ మేకప్ వేస్తామంటున్నారు.

"మూడింటికి నేనే మాట్లాడతాను పవన్ గారూ," అంది.

"మేడమ్, ఆలోచించండి. పోతే మొత్తం పోతుంది."

"పోతే పోతుందండీ."

మూడింటికి తెర మీద జ్యోతిర్మయి కనపడింది. ముప్ఫై అయిదేళ్ళుంటాయి. తెలుగావిడే. "సింధూరి గారెవరండీ?" అంది నవ్వుతూ. "ఆ నవ్వు సీను నేను ఆరుసార్లు విన్నాను."

"సింధూరి ఈ అమ్మాయండీ," అంది ఛాయాదేవి. "ఆ నవ్వు మాత్రం నాది. నా పేరు ఛాయాదేవి. నాకు యాభై నాలుగేళ్ళు. మేరియన్‌కి మొదట్నుంచీ చెబుతున్నది నేనే. మీరొద్దన్న పాత గొంతు నాదే."

హైదరాబాదు నుంచి అదే కాల్‌లో ఉన్న పవన్‌కుమార్ తెర మూలన తన గడిలో కళ్ళు మూసుకున్నాడు.

జ్యోతిర్మయి నవ్వు ఆగిపోయింది. పక్కకి చూసింది, చేతిలో పెన్ను కింద పెట్టింది. "మీకో నిజం చెప్పాలండీ," అంది. "నేను మీ గొంతు వినలేదు. ఆర్టిస్టుల లిస్టులో పేరు పక్కన పుట్టిన సంవత్సరం ఉంటుంది. అది చూసి ఆ మెయిల్ రాశాను. వయసు చూశానే గానీ వినలేదు. తప్పు నాదండీ."

ఛాయాదేవి గట్టిగా అడగాలనుకున్న మాటలన్నీ అక్కర్లేకుండా పోయాయి. "ఇప్పుడు విన్నారు కదమ్మా. నచ్చిందా?"

"నచ్చిందండీ. చాలా."

"అయితే రెండు మాటలు. కొట్లో రూత్‌తోపాటు పనిచేసే అమ్మాయి ఉంది కదా, కాథీ. అది సింధూరికివ్వండి. నిన్నగాక మొన్న ఆటోనగర్‌లో చదువుకొచ్చింది ఈ పిల్ల. బోల్టుల సంగతి మీ రైటరు కంటే దానికి బాగా తెలుసు."

జ్యోతిర్మయి మళ్ళీ నవ్వింది. "రెండోది?"

"చివర్లో పేర్లు పడతాయి కదమ్మా. నేను ఆఖరిదాకా చదువుతాను. అక్కడ కుర్చీలు మోసినవాళ్ళ పేరుంటుంది, కాఫీలిచ్చినవాళ్ళ పేరుంటుంది. ఉండాలి కూడా. తెలుగులో మాట్లాడినవాళ్ళం మాత్రం ఎక్కడా ఉండం. మా పేర్లు వెయ్యండి. నా ఒక్కదానిదే కాదు, అందరివీ."

"అది నా చేతిలో పనేనండీ," అంది జ్యోతిర్మయి. "వేస్తాను. ఎవరూ అడగలేదు, మాకూ తట్టలేదు."

ఆ సాయంత్రం ఛాయాదేవి ఇంటికెళ్ళి అత్తగారికి సోమవారం నుంచీ జరిగినదంతా చెప్పింది. చౌడేశ్వరమ్మ అంతా విని, "ఆ ముంబై పిల్ల మంచిదే. తప్పని ఒప్పుకుంది," అంది. కాసేపాగి, "ఆ హైదరాబాదు వాణ్ణి మాత్రం నేను ఊరికే వదలను. ఫోన్ నంబరివ్వు," అంది. నంబరివ్వకుండా తప్పించుకునేసరికి తల ప్రాణం తోకకొచ్చింది.

శనివారం పొద్దున కిరీటి ఒక కాగితం పట్టుకొచ్చాడు. "పేర్లు ఇంగ్లీషులో ఎలా పడాలో రాసిమ్మన్నారమ్మా."

ఛాయాదేవి పెన్ను తీసుకుని ఆగిపోయింది. ఇన్నేళ్ళూ ఓచర్ల మీద తెలుగులోనే సంతకం పెట్టింది. తన పేరు ఇంగ్లీషులో ఎలా ఉంటుందో ఎవరూ అడగలేదు, తనూ ఆలోచించలేదు. ఒకసారి రాసి చూసుకుంది. నచ్చలేదు. సింధూరి వంగి, "ఇక్కడ ఒక ఎచ్ పెట్టండి మేడమ్, బరువొస్తుంది," అంది. పెట్టింది. బాగుంది. చేతిని దూరంగా జరిపి ఇంకోసారి చూసుకుంది.

తర్వాత ఇద్దరూ బూతులోకి వెళ్ళారు. రెండు మైకులు, పక్కపక్కన. కిరీటి తలుపు బిగించాడు. మొదటి ఎపిసోడ్, మొదటి సీను. కొట్టు తలుపు తోసుకుని మేరియన్ లోపలికొచ్చింది. కౌంటరు వెనకున్న పిల్ల తలెత్తింది.

ఎర్రలైటు వెలిగింది.

"ఏం కావాలండీ?" అంది సింధూరి.

"పని కావాలమ్మా," అంది ఛాయాదేవి.